కాలము మాయమైన గీత

అయ్యలారా, కాలమును వంచు రాయి యెచ్చటనైన గలదా యని కొందరు అడుగుచుందురు. అట్టిది లేదు. కాలమును కొలుచునది మాత్రము గలదు. దాని పేరు జిర్కాను. గ్రానైటు రాతిలో ఇసుకరేణువంత యుండును. అది పుట్టునపుడు యురేనియమును లోనికి గైకొనును. సీసమును దాదాపుగా చేరనీయదు. ఆ యురేనియమే మెల్లమెల్లగా సీసముగా మారును. అందు ముఖ్యభాగము సగమగుటకు 447 కోట్ల యేండ్లు పట్టును. కావున రెంటి పాళ్లను లెక్కించినచో రాతి వయస్సు తేలును. ఇసుకరాతిలో దొరకు జిర్కాను తన తల్లిరాతి వయస్సునే చెప్పును గాని, ఆ పొర యెప్పుడు పేరుకొన్నదో చెప్పదు. ఇచ్చట జాగ్రత్త వలయును.

తిరుమల కనుమదారిలో అడుగున గ్రానైటు, దానిపై నగరి క్వార్ట్‌జైటను గట్టిపడిన ఇసుకరాయి. రెంటినడుమ ఒక గీత. ఆ గీతకడ సుమారు 80 కోట్ల యేండ్ల చరిత్ర లేదని భారత భూవైజ్ఞానిక సర్వేక్షణ శాఖవారి లెక్క. రేవతిని వెంటబెట్టుకొని బ్రహ్మలోకమున క్షణమాత్రము నిలిచిన రైవతునకు గడచినవి 27 మహాయుగములే! మన లెక్కన ఇవి 185.

ఇందు మాయ లేదు. భూగర్భమున పుట్టిన గ్రానైటు, మీది రాళ్లు ఎండకు వానకు అరిగిపోగా బయటపడెను. ఆ మీదట చిరకాలము ఏ పొరయు నిలువలేదు. నిలిచినదేమైన నున్నచో అదియు కొట్టుకొనిపోయెను. తరువాత నీరు క్రమ్మి ఇసుక పరచెను. 2001లో దీనిని జాతీయ భూవైజ్ఞానిక స్మారకముగా ప్రకటించిరి. కొండకేగు బస్సు అచ్చట నిలువదు. కొండవైపు కూర్చున్నవారు చూడవచ్చును.