కోళ్ళఫారం నుంచి వెండితెరకు - కిడ్ ఓరీ కథ

"న్యూ ఓర్లియన్స్" అనే 1947 నాటి హాలీవుడ్ చిత్రాన్ని ఈమధ్య మేము మళ్ళీ చూశాము. అందులో లూయీ ఆర్మ్‌స్ట్రాంగ్ ఉన్నాడు, బిల్లీ హాలిడే ఉన్నది. వారి వెనక ట్రాంబోన్ పట్టుకుని, అరవయ్యేళ్ళ పెద్దమనిషి ఒకాయన నిలబడి వాయిస్తూ ఉంటాడు. 1918లో న్యూ ఓర్లియన్స్‌లో కుర్ర ఆర్మ్‌స్ట్రాంగ్‌ను పిలిచి తన మేళంలో చేర్చుకున్నది ఈయనే. పేరు ఎడ్వర్డ్ "కిడ్" ఓరీ.

ఓరీ 1886 డిసెంబరు 25న లూయిజియానాలో లాప్లేస్ దగ్గర ఒక చెరకు తోటలో పుట్టాడు. 1811లో బానిసల పెద్ద తిరుగుబాటు మొదలైంది ఆ తోటలోనే. ఇంటి భాష ఫ్రెంచి. వాయిద్యాలు కొనే స్తోమతు లేక, తోటి పిల్లలతో కలిసి చుట్టల పెట్టెలతో తంత్రీవాద్యాలు తయారుచేసుకున్నాడు.

ఆ రోజుల్లో మేళాలు గుర్రపు బండ్లెక్కి వీధుల్లో ప్రచారం చేసేవి. ట్రాంబోన్‌కు ముందుకీ వెనక్కీ జరిపే పొడవాటి గొట్టం ఉంటుంది కదా! అది పక్కవాళ్ళకు తగలకుండా ఆ వాయించేవాణ్ణి బండి వెనక అంచున కూర్చోబెట్టేవారు. అందుకే ఆ బాణీకి "టెయిల్‌గేట్" అని పేరు వచ్చింది. కార్నెట్ పాట వరసను పట్టుకుంటుంది, క్లారినెట్ పై స్థాయిలో అల్లుకుంటుంది, ట్రాంబోన్ కింద నుంచి జారుడు స్వరాలతో రెంటినీ మోస్తుంది. మన పెళ్ళి బ్యాండులో క్లారినెట్టూ ట్రంపెట్టూ ఒకే వరస వాయించడం విని పెరిగిన మనకు, ముగ్గురు మూడు దారుల్లో పోతూ కూడా తప్పిపోకపోవడం మొదట గందరగోళంగానే ఉంటుంది. నాలుగుసార్లు వింటే గాని దారి తెలియదు.

1919లో ఓరీ లాస్ ఏంజెలెస్ చేరాడు. న్యూ ఓర్లియన్స్ నల్లజాతి జాజ్ మేళం చేసిన తొలి రికార్డులు అక్కడే, 1922లో ఆయన మేళం ఇచ్చినవే. తరవాత చికాగో వెళ్ళి ఆర్మ్‌స్ట్రాంగ్ "హాట్ ఫైవ్" రికార్డులలో వాయించాడు. 1926 నాటి "మస్క్‌రాట్ రాంబుల్" ఆయన పేరనే ఉన్నది. ఒకప్పుడు తాను ఉద్యోగమిచ్చిన కుర్రవాడి కింద పనిచేయడానికి ఆయన చిన్నతనం పడినట్టు లేదు.

1930లో తిరిగి లాస్ ఏంజెలెస్ వచ్చేసరికి ఆర్థిక మాంద్యం. హాలీవుడ్ పక్కనే ఉన్నా తలుపులు మూసి ఉన్నాయి. ఆ ఊళ్ళో తెల్లవాద్యకారుల సంఘం ఒకటి, నల్లవారిది వేరొకటి. స్టూడియో పనులు దాదాపు అన్నీ మొదటివారికే. ఆ రెండు సంఘాలూ ఒకటైనది 1953లో. 1933లో ఓరీ వాద్యం పక్కనపెట్టి కోళ్ళు పెంచాడు. రైల్వే తపాలాలో ఉత్తరాలు వేరుచేసే పనీ చేశాడు. దాదాపు పదేళ్ళు!

ఆయన్ను మళ్ళీ జనంలోకి తెచ్చినది సినిమా కాదు, రేడియో. 1944లో ఆర్సన్ వెల్స్ తన కార్యక్రమంలో పాతకాలపు న్యూ ఓర్లియన్స్ వాద్యకారుల మేళాన్ని వాయింపజేశాడు. శ్రోతల ఉత్తరాలు వెల్లువెత్తడంతో వారం వారం కొనసాగించవలసి వచ్చింది. ఏప్రిల్ 19న కార్యక్రమం ఉన్న రోజే క్లారినెట్ వాయించే జిమ్మీ నూన్ కన్నుమూశాడు. ఆ సాయంత్రం ఆయన లేకుండానే మేళం ఆయన పేర ఒక బ్లూస్ వాయించింది. ఆ ఏడాదే, టర్కీ రాయబారి కొడుకు నెసూహీ ఎర్టెగన్ కేవలం ఈ మేళాన్ని రికార్డు చేయడానికే ఒక కంపెనీ పెట్టాడు. పరదేశపు కుర్రవాడికి ఉన్న చెవి పెద్ద కంపెనీలకు లేకపోయింది.

తరవాత వచ్చినదే "న్యూ ఓర్లియన్స్" చిత్రం. కథానాయిక తెల్లజాతి గాయని. బిల్లీ హాలిడేకు పనిమనిషి వేషం. హాలిడే ముందు పాడిన పాటనే చివరకు పెద్ద కచేరీ హాలులో కథానాయిక పాడుతుంది, అక్కడితో జాజ్‌కు గౌరవం దక్కినట్టు లెక్క. ఆ సంగీతాన్ని పుట్టించిన తరంలో ఒకడైన ఓరీ మేళంలో నిలబడి వాయిస్తాడు, అంతే. మాకు ఇది బాధ కలిగించినా, ఆయన వాయింపు వినబడుతున్నంతసేపూ కథ గుర్తుకు రాలేదు.

1956లో విడుదలైన "ది బెన్నీ గుడ్‌మన్ స్టోరీ"లో ఆయన కిడ్ ఓరీగానే కనిపిస్తాడు. డెబ్బయ్యేళ్ళకు దగ్గరపడినవాడు మూడు దశాబ్దాల వెనకటి తన పాత్రనే ధరించాడన్నమాట! అప్పటికి మంచి రోజులు వచ్చాయి. శాన్‌ఫ్రాన్సిస్కోలో స్వంత క్లబ్బు కూడా నడిపాడు. 1973 జనవరిలో హోనొలులూలో చనిపోయాడు.

ఆయన రికార్డులలో మేము ఎక్కువగా వినేది 1940ల నాటి "ఎ లా బా". అది చిన్ననాటి ఇంటి ఫ్రెంచిలో, కాలిఫోర్నియాలో ఉండి, ఓరీ స్వయంగా పాడినది. ఇంట్లో పిల్లలకు వినిపిస్తే, అర్థం ఏమిటని ఒక్కరూ అడగలేదు, మళ్ళీ పెట్టమన్నారు.