15 ఏళ్లకు టైటిల్, 37 ఏళ్లకు కిరీటం

షేక్‌పేట దాటి ఫిల్మ్‌నగర్‌లో అడుగుపెడితే శుక్రవారం పొద్దున్నుంచే అందరి నోటా లెక్కలు. తొలిరోజు ఎంత వచ్చింది, ఏ రికార్డు బద్దలైంది అని ఒకటే చర్చ. కానీ సినిమా నిలబడిందో లేదో తేలేది మూడో వారంలోనే. మన చెస్ గ్రాండ్‌మాస్టర్ల అంకెలనూ ఇదే చూపుతో చదవాలి. ఎన్నో ఏట టైటిల్ వచ్చిందన్నది తొలిరోజు వసూళ్ల లాంటిది. ఆ తర్వాత ఎన్నేళ్లు, ఏ స్థాయిలో ఆడారన్నదే అసలు లెక్క.

2500: గ్రాండ్‌మాస్టర్ గీత

గ్రాండ్‌మాస్టర్ (జీఎం) కావాలంటే రెండు షరతులు. ఒకటి, ఎప్పుడో ఒకసారైనా రేటింగ్ 2500 తాకాలి. రెండు, జీఎం నార్మ్‌లు సాధించాలి. వాటన్నిటిలో కలిపి కనీసం 27 ఆటలు ఉండాలి. మామూలుగా మూడు నార్మ్‌లకు ఆ లెక్క సరిపోతుంది. నార్మ్ రావాలంటే ఆ టోర్నీలో ప్రదర్శన 2600 స్థాయిలో ఉండాలి, ప్రత్యర్థుల్లో తగినంతమంది గ్రాండ్‌మాస్టర్లు ఉండాలి.

టైటిల్ ఒకసారి వస్తే జీవితాంతం ఉంటుంది. రేటింగ్ మాత్రం ప్రతి ఆటకూ మారుతుంది. ఉదాహరణకు 2800 రేటింగ్ ఉన్న ఆటగాడు 2600 ఉన్నవాడితో తలపడ్డాడనుకుందాం. గెలిస్తే 2800 ఆటగాడికి వచ్చేది 2.4 పాయింట్లే. డ్రా అయితే 2.6 పోతాయి. ఓడితే ఏకంగా 7.6 పోతాయి. అంటే ఒక ఓటమిని పూడ్చుకోవడానికి అదే స్థాయి ప్రత్యర్థుల మీద మూడు విజయాలూ చాలవు, నాలుగోది కావాలి. పైకెళ్లేకొద్దీ నిలబడటమే గగనం.

15 ఏళ్ల 1 నెల 27 రోజులు: హంపి

గుడివాడలో పుట్టిన కోనేరు హంపి 2002లో ఈ వయసుకు గ్రాండ్‌మాస్టర్ అయింది. అప్పటిదాకా మహిళల్లో అతి పిన్న వయసు గ్రాండ్‌మాస్టర్ రికార్డు హంగరీకి చెందిన జుడిత్ పోల్గార్‌ది. హంపి దాన్ని మూడు నెలల తేడాతో దాటింది. అధ్యాపక ఉద్యోగం వదులుకుని కూతురికి ఆట నేర్పిన తండ్రి అశోక్ శ్రమ ఫలించింది. 2008లో చైనా అమ్మాయి హౌ యిఫాన్ ఆ రికార్డునూ చెరిపేసింది. రికార్డు ఆయుష్షు ఆరేళ్లు. హంపి ఆటకు మాత్రం అంతకు ఎన్నో రెట్లు ఆయుష్షుంది.

2007లో 2600 దాటింది. జుడిత్ తర్వాత ఆ గీత దాటిన రెండో మహిళ హంపి. 2009లో 2623కు చేరింది. 2011లో ప్రపంచ టైటిల్ పోరులో అదే హౌ యిఫాన్ చేతిలో ఓడింది. తల్లయ్యాక దాదాపు రెండేళ్లు బోర్డుకు దూరంగా ఉంది. తిరిగొచ్చి 2019లో మాస్కోలో ప్రపంచ ర్యాపిడ్ టైటిల్ గెలిచింది.

2024 డిసెంబరులో న్యూయార్క్‌లో జరిగిన ర్యాపిడ్ టోర్నీని దగ్గరగా చూడాలి. తొలి రౌండ్‌లోనే హంపి ఓడిపోయింది. 11 రౌండ్ల టోర్నీలో మొదటి ఆటే పోతే మిగతా పదింటిలో తప్పటడుగు వేసే వీలుండదు. ఒక్కో రౌండూ కూడగట్టుకుంటూ చివరి రౌండుకు వచ్చింది. అక్కడ నల్లపావులతో ఇండొనేసియాకు చెందిన ఐరీన్ సుకందర్‌ను ఓడించి, 8.5 పాయింట్లతో ఒంటరిగా మొదటి స్థానంలో నిలిచింది. అప్పటికి వయసు 37. టైటిల్ వచ్చి 22 ఏళ్లు. నాకు 2002 నాటి రికార్డు కన్నా ఈ ఒక్క టోర్నీయే పెద్దదిగా కనిపిస్తుంది.

15 ఏళ్ల నిరీక్షణ: హరికృష్ణ

గుంటూరు కుర్రాడు పెంటేల హరికృష్ణ 2001లో 15 ఏళ్లకే గ్రాండ్‌మాస్టర్. 2004లో కొచ్చిలో ప్రపంచ జూనియర్ చాంపియన్. ఇక ప్రపంచ టాప్-10 ఎంతో దూరం లేదనిపించింది. కానీ అక్కడికి చేరింది 2016 నవంబరులో! డిసెంబరులో రేటింగ్ 2770కి చేరింది. టైటిల్‌కూ టాప్-10కూ మధ్య 15 ఏళ్లు గడిచాయి. ఆ మధ్య కాలంలో ఆసియా చాంపియన్‌షిప్ ఉంది, ఎన్నో టోర్నీలున్నాయి. ఓపిక అంటే ఏమిటో ఈ అంకె చెబుతుంది.

2801: అర్జున్

వరంగల్‌కు చెందిన ఎరిగైసి అర్జున్ 2018లో 14 ఏళ్ల 11 నెలల వయసులో గ్రాండ్‌మాస్టర్ అయ్యాడు. భారత్‌కు 54వ జీఎం. ఆ తరంలో ఇది ఆలస్యమే. ప్రజ్ఞానంద 12 ఏళ్ల 10 నెలలకు, గుకేశ్ 12 ఏళ్ల 7 నెలలకు ఆ టైటిల్ అందుకున్నారు. కానీ 2800 గీతను వాళ్లిద్దరికన్నా ముందు దాటింది అర్జునే. 2024 డిసెంబరు జాబితాలో అతని రేటింగ్ 2801, ర్యాంకు 4. అప్పటికి భారతీయుల్లో ఆనంద్ తర్వాత ఆ గీత దాటింది అతనొక్కడే. టైటిల్‌కు రెండేళ్లు వెనకబడ్డవాడు ఆరేళ్లలో ఆ ఇద్దరినీ దాటేశాడు.

దానికి ముందు బుడాపెస్ట్ ఒలింపియాడ్‌లో మూడో బోర్డు మీద 11 ఆటలు ఆడి 9 గెలిచాడు, 2 డ్రా చేశాడు. వ్యక్తిగత స్వర్ణం వచ్చింది. అంత చేసినా రేటింగ్ పెరిగింది 19 పాయింట్లే: 2778 నుంచి 2797కు. ఆ స్థాయిలో ఒక్కో పాయింటు ఖరీదెంతో దీన్నిబట్టి తెలుస్తుంది.

20 ఏళ్లు: హారిక

గుంటూరు జిల్లా ఆడపడుచు ద్రోణవల్లి హారిక 13 ఏళ్ల వయసులో, 2004లో తొలి ఒలింపియాడ్ ఆడింది. 2011లో గ్రాండ్‌మాస్టర్ అయింది. ప్రపంచ చాంపియన్‌షిప్‌లో 2012, 2015, 2017లలో మూడు కాంస్యాలు. 2022 చెన్నై ఒలింపియాడ్‌లో నిండు గర్భిణిగా కూర్చుని ఆడి, జట్టు కాంస్యంలో పాలుపంచుకుంది. జట్టు స్వర్ణం 2024లో బుడాపెస్ట్‌లో దక్కింది. మొదటి ఒలింపియాడ్‌కు సరిగ్గా 20 ఏళ్ల తర్వాత! అదే ఏడాది పురుషుల జట్టూ స్వర్ణం గెలిచింది. అందులో అర్జున్‌తోపాటు హరికృష్ణా ఉన్నాడు.

ఇక తల్లిదండ్రులకు ఒక మాట

హారిక, అర్జున్ ఇద్దరూ హైదరాబాద్‌లో కోచ్ ఎన్.వి.ఎస్. రామరాజు దగ్గర శిక్షణ పొందినవాళ్లే. వాళ్ల వెనక భరతకోటి హర్ష, రాజా రిత్విక్, రాహుల్ శ్రీవాత్సవ్, ప్రణీత్ వరసగా టైటిళ్లు అందుకున్నారు. జూబ్లీహిల్స్ నుంచి షేక్‌పేట దాకా పిల్లలను చెస్ క్లాసులకు పంపే ఇళ్లలో ఒకే ప్రశ్న వినిపిస్తుంది: ‘ఎన్నేళ్లకు జీఎం అవుతాడు?’ పై అంకెలు చూశాక ఆ ప్రశ్న మార్చుకోవాలి. ముప్పై దాటాకా ఆడాలన్న ఇష్టం ఈ పిల్లల్లో మిగులుతుందా? చదువు, ఉద్యోగం, పెళ్లి, పిల్లలు వచ్చాక ఆటకు చోటుంటుందా? హంపికి ఓఎన్‌జీసీ ఉద్యోగం అండగా నిలిచింది. అలాంటి అండ ఎంతమందికి దొరుకుతోంది? పతకం తెచ్చాక ఇచ్చే చెక్కు మంచిదే. అయితే పతకం రాని ఏళ్లలో, ఓటమి మీద ఓటమి వస్తున్నప్పుడు కోచ్‌కూ విమాన టికెట్‌కూ డబ్బు సమకూరాలి. ప్రభుత్వాలూ కంపెనీలూ చేయూతనివ్వాల్సింది ఆ ఏళ్లలోనే.