బాటను బట్టి బండి

*నాలుగు చక్రాలకూ ఇంజిన్ బలం అందే ఖరీదైన సెడాన్, వ్యాగన్ కార్లు తారు రోడ్డు మీద రాజాలు. మంచిర్యాల పక్కనున్న నస్పూర్ దాటి మట్టి బాట పడితే మాత్రం వాటికీ బెంగే. వాటిని పల్లె దారికి, గుట్ట దారికి ఎలా సిద్ధం చేసుకోవాలి? ఎక్కడ ఆగాలి?*

ఎడ్లబండి ఇరుసు నేలకు రెండడుగుల ఎత్తున ఉంటుంది. చక్రం పెద్దది, పట్టా సన్నది. తొలకరికి మెత్తబడ్డ రేగడిలో ఆ ఇనుప పట్టా పైబురదను కోసుకుంటూ దిగి, అడుగునున్న గట్టి నేలను పట్టుకుంటుంది. బాట మధ్యలో గడ్డ లేచినా, రాయి ఉన్నా ఇరుసుకు తగలదు. నస్పూర్ చుట్టుపక్కల పాత బాటలు చాలావరకు ఇలాంటి చక్రాలు గీసినవే.

ఆ బాటలోకి ఇవాళ అరకోటి విలువైన కారు దిగిందనుకోండి. దాని పొట్టకూ నేలకూ మధ్య జానెడు ఖాళీ కూడా ఉండదు. టైరు వెడల్పు, రబ్బరు గోడ పలుచన. అడుగున ప్లాస్టిక్ పళ్లెం. నాలుగు చక్రాలకూ బలం ఉంది కదా అని ధైర్యం చేస్తే, వంద గజాలు పోకముందే దిగబడిపోతుంది.

సింగరేణి బొగ్గు గనుల క్వార్టర్లలో పెరిగి, హైదరాబాద్‌లోనో విదేశాల్లోనో స్థిరపడి, పండక్కి సొంత కారులో ఇంటికొచ్చే తరం ఒకటుంది. మంచిర్యాల, సీసీసీ, శ్రీరాంపూర్, ఇందారం, జైపూర్, చెన్నూరు మీదుగా పోయే 63వ నంబరు జాతీయ రహదారి మీద వాళ్లకు ఏ ఇబ్బందీ లేదు. అమ్మమ్మ ఊరికి, చేను దగ్గరికి, గాంధారి ఖిల్లాకు పోవాలంటేనే చిక్కు. అందుకని మంచి కారును అమ్మి ఎత్తయిన ఎస్‌యూవీ కొనాల్సిన పని లేదు. ఉన్నదాన్నే కొంత మార్చుకోవచ్చు. ఆ 'కొంత' ఎంతో తెలియాలి.

మంచులో పుట్టిన ఆలోచన

1977 చలికాలంలో ఆడి ఇంజినీర్లు ఫిన్లాండ్‌లో కార్లను పరీక్షిస్తున్నారు. వాళ్ల వెంట ఫోక్స్‌వ్యాగన్ తయారుచేసిన ఇల్టిస్ అనే మిలటరీ జీపు కూడా ఉంది. దాని ఇంజిన్ 75 హార్స్‌పవర్. అంతకంటే ఎంతో బలమైన కార్లు మంచు మీద చక్రాలు తిప్పుకుంటూ నిలబడిపోతే, ఆ జీపు మాత్రం తాపీగా ముందుకు పోయింది. నాలుగు చక్రాలూ నేలను పట్టుకోవడమే దాని రహస్యం. అదే పద్ధతిని కారుకు పెడదామని ఇంజినీరు యోర్గ్ బెన్సింగర్ ప్రతిపాదించాడు, సాంకేతిక విభాగం అధిపతి ఫెర్డినాండ్ పియెక్ ఒప్పుకున్నాడు. 1980 మార్చిలో జెనీవా మోటార్ షోలో 'క్వాట్రో' కారు లోకానికి పరిచయమైంది. దాదాపు అదే సమయంలో అమెరికాలో ఏఎంసీ కంపెనీ మామూలు సెడాన్, వ్యాగన్లనే ఎత్తు పెంచి, నాలుగు చక్రాలకూ బలమిచ్చి 'ఈగిల్' పేరుతో అమ్మింది.

1987లో హన్ను మికోలా అనే ఫిన్లాండ్ డ్రైవర్ 'ఆడి 200 క్వాట్రో'తో కెన్యాలో సఫారీ ర్యాలీ గెలిచాడు. ఎర్రదుమ్ము, బురద, వాగులు, రాళ్లు నిండిన వేల కిలోమీటర్ల దారి అది. ఆఫీసర్లు ఎక్కి తిరిగే పెద్ద సెడాన్ అక్కడ నెగ్గుకొచ్చింది. అయితే అది షోరూం నుంచి తిన్నగా దారి పట్టిన కారు కాదు. ఆ దారికోసం పనిగట్టుకుని తీర్చిదిద్దిన కారు.

తర్వాత కంపెనీలే ఆ పని మొదలుపెట్టాయి. 1990ల్లో సుబారు అవుట్‌బ్యాక్, వోల్వో క్రాస్ కంట్రీ, ఆడి ఆల్‌రోడ్ వరుసగా వచ్చాయి. మన దేశానికి 2016లో వోల్వో ఎస్60 క్రాస్ కంట్రీ వచ్చింది, పొట్ట ఎత్తు 201 మిల్లీమీటర్లు. 2017లో వచ్చిన వీ90 క్రాస్ కంట్రీది 210. 2018లో మెర్సిడెస్ ఈ-క్లాస్ ఆల్-టెరైన్ దిగింది. ఇవి ఉన్నవాళ్లకు సగం పని అయిపోయినట్టే. బీఎండబ్ల్యూ ఎం340ఐ ఎక్స్‌డ్రైవ్ వంటి వేగం కోసం పుట్టిన సెడాన్లు, పాత ఆడి క్వాట్రోలు ఉన్నవాళ్లకే అసలు పని.

ముందు నేలను చదవాలి

మన దగ్గర మట్టి బాట అంటే ఒక్క రకం కాదు. ఎర్ర మొరం బాట అన్నిటికంటే నయం. నీరు ఇంకుతుంది, వాన వెలిసిన కొద్దిసేపటికే గట్టిపడుతుంది. నల్లరేగడి తీరు వేరు. దానిలోని బంకమట్టి నీళ్లు తాగి ఉబ్బుతుంది, ఎండకు బిగుసుకుని పగుళ్లిస్తుంది. తడిస్తే టైరు గాళ్లను నింపేసి నున్నగా చేస్తుంది. నాలుగు చక్రాలూ తిరిగినా నాలుగూ జారుతాయి. అదే బాటలో ఎండాకాలంలో ట్రాక్టర్ గాళ్లు బిగుసుకుపోయి కారు పొట్టను గీరుతాయి.

మూడోది గోదావరి ఇసుక. ఇక్కడ సన్న చక్రం దిగుతుంది, వెడల్పు చక్రం తేలుతుంది. రేగడి లెక్కకు ఇది పూర్తిగా తలకిందులు. నాలుగోది బొగ్గు దుమ్ము. శ్రీరాంపూర్ వైపు గనుల దారుల్లో అది బండి కాళ్లను కాదు, ఊపిరిని పట్టుకుంటుంది.

ఈ నాలుగింటిలో మీ దారిలో ఏది ఎక్కువో తేల్చుకున్నాకే కారు మీద చెయ్యి వేయాలి.

మొదటి ఖర్చు టైరు మీద

నాలుగు చక్రాలకు బలం పంచే యంత్రం ఎంత గొప్పదైనా, నేలను తాకేది నాలుగు అరచేతులంత రబ్బరే. కాబట్టి డబ్బు మొదట అక్కడే పెట్టాలి.

ఖరీదైన కార్లకు 18, 19 అంగుళాల రిమ్ములు, పలుచని టైర్లు వస్తాయి. రాయి తగిలితే రిమ్ము వంగుతుంది, టైరు పక్కగోడ చిట్లుతుంది. రిమ్ము ఒక అంగుళం తగ్గించి రబ్బరు పెంచడమే మందు. ఉదాహరణకు 225/45 ఆర్18 టైరు స్థానంలో 225/50 ఆర్17 వేస్తే మొత్తం వ్యాసం దాదాపు మారదు, పక్కగోడ మాత్రం 101 మిల్లీమీటర్ల నుంచి 112కు పెరుగుతుంది. 225/55 ఆర్17కు పోతే పొట్ట దాదాపు 10 మిల్లీమీటర్లు లేస్తుంది. అప్పుడు స్పీడోమీటర్ సుమారు 3 శాతం తక్కువ చూపిస్తుంది, మడ్‌గార్డు లోపల టైరు రాసుకోకుండా చూసుకోవాలి. పెద్ద బ్రేకులున్న కార్లకు 17 అంగుళాల రిమ్ము పట్టకపోవచ్చు. కొనేముందు తొడిగి చూడాల్సిందే.

నాలుగు టైర్లూ ఒకే రకం, ఒకే అరుగుదల ఉండటం ఈ కార్లకు ప్రాణం లాంటిది. ఒకటి కొత్తది, మూడు పాతవి అయితే వాటి చుట్టుకొలతలు కలవవు. ముందు వెనక చక్రాల మధ్య బలం పంచే భాగం ఆ తేడాను మోస్తూ వేడెక్కి పాడవుతుంది. పంచరైతే స్టెప్నీగా ఇచ్చే సన్న టైరు కూడా దగ్గరి దూరానికే. గాలి పోయినా కొంత దూరం నడిచే రన్‌ఫ్లాట్ టైర్లతో వచ్చే కార్లలో అదీ ఉండకపోవచ్చు. ఈ బాటల్లో తిరిగేవాళ్లు అసలు సైజు స్టెప్నీని డిక్కీలో వేసుకోవడం మేలు.

ఇసుకలో దిగేముందు గాలి తగ్గించాలి. 33 పీఎస్‌ఐ ఉన్నదాన్ని 20 దగ్గరికి తెస్తే టైరు పరుచుకుని తేలుతుంది. పలుచని టైర్లయితే అంతకంటే దించవద్దు, రిమ్ము నుంచి ఊడిపోతుంది. తారు ఎక్కేముందు మళ్లీ నింపాలి. అందుకే చిన్న గాలి పంపు తప్పనిసరి.

పొట్టకు కవచం, ఎత్తుకు హద్దు

మన మెకానిక్కులు ఛాంబర్ అనే ఇంజిన్ ఆయిల్ తొట్టి కారు అడుగునే ఉంటుంది. దాని వెనకే గేర్‌బాక్సు. ఎన్నో ఖరీదైన కార్లలో వాడే ఎనిమిది గేర్ల ఆటోమేటిక్ గేర్‌బాక్సుకు అడుగు పళ్లెం ప్లాస్టిక్‌దే. బిగుసుకున్న గాడి అంచు చాలు దాన్ని పగలగొట్టడానికి. కంపెనీ ఇచ్చే ప్లాస్టిక్ కవర్ గాలి సాఫీగా పోవడానికే తప్ప దెబ్బ కాయడానికి కాదు. దాని స్థానంలో మందపాటి అల్యూమినియం పలక బిగించుకోవాలి. వేడి బయటికి పోవడానికి చీలికలు, ఆయిల్ మార్చడానికి రంధ్రం ఉండేలా చూసుకోవాలి. మట్టి బాటలో తిరిగొచ్చాక అడుగును నీళ్లతో కడగాలి. పలక మీద పేరుకున్న బురద ఎండితే వేడిని పట్టి ఉంచుతుంది.

ఎత్తు పెంచాలన్న ఆశ అందరికీ ఉంటుంది. ముందు వెనక చక్రాల మధ్య దూరం 2.9 మీటర్లు, పొట్ట ఎత్తు 160 మిల్లీమీటర్లు ఉన్న కారు, గట్టు దాటేటప్పుడు మధ్యలో ఆనకుండా ఓర్చుకునే కోణం సుమారు 12.6 డిగ్రీలు. స్ప్రింగులు మార్చి 30 మిల్లీమీటర్లు లేపితే అది 15 డిగ్రీలవుతుంది. చిన్న లాభమే, అయినా చాలాచోట్ల సరిపోతుంది. అంతకు మించి లేపితే చక్రాలకు బలమందించే షాఫ్టుల కీళ్లు వాలుగా పనిచేసి అరిగిపోతాయి, అలైన్‌మెంట్ చెడుతుంది. ముందున్న కెమెరా, రాడార్లను కూడా మళ్లీ సరిచేయించాలి.

2017లో మెర్సిడెస్ ఇంజినీరు యూర్గెన్ ఎబెర్లె ఓ ఈ-క్లాస్ వ్యాగన్‌ను ఏకంగా 420 మిల్లీమీటర్ల ఎత్తుకు లేపాడు. అందుకు ఆయన స్ప్రింగుల కింద దిమ్మెలు పెట్టలేదు. ఇరుసు కంటే చక్రం కిందికి దిగేలా ప్రతి చక్రం దగ్గర వేరే గేర్లు కూర్చాడు. అసలైన ఎత్తుకు అంత పని కావాలి. మనకు 30 మిల్లీమీటర్లు చాలు.

ఇక బండి ఊపిరి సంగతి. ఎయిర్ ఫిల్టర్‌ను కంపెనీ చెప్పిన గడువు దాకా వదిలేయకుండా, దుమ్ము దారుల్లో తిరిగొచ్చిన ప్రతిసారీ విప్పి చూడాలి. ఇసుకలోనైతే, చక్రం జారకుండా చూసే ట్రాక్షన్ కంట్రోల్ ఇంజిన్ బలాన్ని తగ్గించేసి బండిని ఆపేస్తుంది. అక్కడ దాన్ని సడలించాలి. అదే గుంత దాటుతూ ఎదురెదురు మూలల చక్రాలు గాలిలో లేచినప్పుడు మాత్రం అది పనిచేస్తుండాలి. ఉత్తగా తిరిగే చక్రాన్ని బ్రేకుతో పట్టి, నేలనున్న చక్రానికి బలం మళ్లించేది అదే.

చట్టం మాట

కంపెనీ రిజిస్ట్రేషన్‌కు ఇచ్చిన వివరాలకు విరుద్ధంగా బండిని మార్చకూడదని మోటారు వాహనాల చట్టం 52వ సెక్షన్ చెబుతోంది. 2019 జనవరిలో సుప్రీంకోర్టూ ఇదే తేల్చింది. అదే ఏడాది చేసిన సవరణతో అనుమతి లేని మార్పుకు యజమానికి ఆరు నెలల వరకు జైలు, లేదా ఒక్కో మార్పుకు 5,000 రూపాయల జరిమానా, లేదా రెండూ పడొచ్చు. ముందు బిగించే ఇనుప బుల్‌బార్‌లను కేంద్రం 2017 డిసెంబరులోనే వద్దంది. పాదచారికి ప్రాణాంతకం కావడం, ఎయిర్‌బ్యాగ్ సెన్సర్లను తప్పుదారి పట్టించడం అందుకు కారణాలు. కాబట్టి స్ప్రింగులు మార్చేముందు ఆర్టీఏ కార్యాలయంలో, బీమా కంపెనీ దగ్గర అడిగి రాతపూర్వకంగా తేల్చుకోండి.

అడవి ఆటస్థలం కాదు

నస్పూర్ నుంచి పడమరకు పోతే జన్నారం, కవ్వాల్ అడవి. 1965లో అభయారణ్యం, 2012లో పులుల అభయారణ్యం అయింది. మహారాష్ట్రలోని తడోబా నుంచి పులులు ఈ వైపు వస్తాయి. తూర్పున చెన్నూరు దాటితే కృష్ణజింకల ప్రాణహిత అభయారణ్యం. దక్షిణాన గోదావరి ఒడ్డునే మొసళ్ల శివ్వారం. 1972 వన్యప్రాణి సంరక్షణ చట్టం ప్రకారం అభయారణ్యాల్లోకి అనుమతి లేకుండా పోవడం నేరం. కారు పోగలదు గనక పోదామనుకోవడం ఇక్కడ పనికిరాదు. అటవీ శాఖ చూపిన దారిలో, పగటిపూట, హారన్ లేకుండా పోవాలి. రైతు చేను గట్టు మీదా ఇదే మర్యాద పాటించాలి. మన చక్రం తడి బాటలో గీసిన గాడి ఎండాకాలమంతా అలాగే ఉండి, రోజూ ఆ దారిన నడిచేవాళ్ల కాళ్లకు అడ్డుపడుతుంది.

డిక్కీలో ఉండాల్సినవి

• గాలి పంపు, గాలి కొలిచే గేజి, పంచర్ కిట్.
• పార, రెండు చెక్క పలకలు. రేగడిలో జాకీ కింద పలక లేకపోతే జాకీయే దిగిపోతుంది.
• కారుతో పాటు ఇచ్చే, మర తిప్పి బిగించే హుక్కు, బలమైన నైలాన్ పట్టా. ట్రాక్టర్‌తో లాగించేటప్పుడు గొలుసును సస్పెన్షన్‌కు ఎప్పుడూ కట్టవద్దు.
• నాలుగు చక్రాలూ పైకెక్కే ఫ్లాట్‌బెడ్ బండి ఫోన్ నంబరు. చెడిపోతే దాన్నే పిలవాలి. రెండు చక్రాలు ఎత్తి లాక్కెళ్తే ఈ కార్ల ఇరుసు వ్యవస్థ దెబ్బతింటుంది.

నీళ్ల దగ్గర

ఈ కార్లకు ఇంజిన్ గాలి పీల్చే గొట్టం ముందు జాలీ వెనకే ఉంటుంది. నీళ్లు అందులోకి పోతే పిస్టన్ వాటిని నొక్కలేదు, కనెక్టింగ్ రాడ్ వంగిపోతుంది. మామూలు బీమా ఆ నష్టాన్ని సాధారణంగా ఇవ్వదు. 2022 జులైలో ఎల్లంపల్లి ప్రాజెక్టు గేట్లు ఎత్తినప్పుడు గోదావరి మంచిర్యాల వీధుల్లోకి వచ్చింది. మన వాగులూ అంతే, పొద్దున పాదం తడిపినది సాయంత్రానికి బండినే లేపుకుపోగలదు.

నీళ్లు ఎర్రగా, వడిగా పోతుంటే ఒడ్డునే ఆగండి, అందులో కాలు కూడా పెట్టవద్దు. తేటగా, నెమ్మదిగా పారుతున్న చిన్న ఒర్రె అయితే బండి ఆపి, చెప్పులు విప్పి, ప్యాంటు మడిచి దిగండి. అడుగున గులకరాయి తగులుతోందా, బురద కూరుకుపోతోందా? నీరు పిక్క సగం దాటుతోందా? అవతలి ఒడ్డు దాకా నడిచి రండి. అనుమానం ఉంటే బండి వెనక్కి తిప్పండి. ఎడ్లబండి తోలిన తాత, రెండడుగుల ఎత్తున ఇరుసు ఉండి కూడా, ముందు తానే నీళ్లలోకి దిగి చూసేవాడు. ఎడ్లను ఆ తర్వాతే దించేవాడు.