భూసేకరణమున న్యాయమైన పరిహారము

ఉదయగిరి, ఆత్మకూరు మెట్ట ప్రాంతములలో నీటి విలువను గురించి పంచాయతీ సభ్యులకు మేము చెప్పనక్కరలేదు. పెన్నపై సోమశిల వద్ద 78 టి.ఎం.సి.ల జలాశయము వెలసినను, మెట్టకు నీరెక్కవలెనన్న ఎగువ కాలువ కావలెను. కాలువ రావలెనన్న ఎవరి పొలమునో చీల్చుకొని రావలెను. నీరు పదిమందికి, పోవు పొలము ఒకనిది. ఆ ఒకనికి రావలసిన పైకము సరిగా వచ్చినదా యని విచారించుటకు పంచాయతీకంటె దగ్గరివారు లేరు.

సోమశిల క్రింద కడప జిల్లా గ్రామములు పెక్కు మునిగిన కాలమునకు 1894 నాటి భూసేకరణ చట్టమే అమలులో నుండెను. భూమి విలువపై సొలేషియం, అనగా ఓదార్పు మొత్తము, తొలుత నూటికి 15 వంతులు; 1984లో దానిని 30 చేసిరి. 2014 జనవరి 1 నుండి అమలులోనికి వచ్చిన 2013 నాటి చట్టము నూటికి నూరు చేసినది.

లెక్క యిట్లుండును. ఎకరము విలువ 4,00,000 రూపాయలనుకొందము. గ్రామ ప్రాంతములలో దీనిని 1 నుండి 2 వరకు ప్రభుత్వము నిర్ణయించిన అంకెతో హెచ్చింతురు, అది 1.25 అయినచో 5,00,000. బావి, చెట్ల విలువ 60,000 కలుపగా 5,60,000. సొలేషియం అంతియే, వెరసి 11,20,000. ఇది గాక ప్రకటన నాటి నుండి అవార్డు వరకు భూమి విలువపై ఏటికి నూటికి 12 వంతులు; ఒక యేడాదికి 48,000.

మొదటి అంకె తగ్గినచో తక్కినవన్నియు తగ్గునని దీనిని బట్టి తెలియుచున్నది. ఆ అంకెను రిజిస్ట్రేషన్ విలువను బట్టియు, పరిసరములలో గడచిన మూడేండ్లలో జరిగిన అటువంటి భూముల విక్రయ దస్తావేజులను బట్టియు చూచి, ఎక్కువదానిని తీసికొందురు. స్టాంపు ఖర్చు తప్పించుకొనుటకు ఐదు లక్షలకు కొన్న భూమిని రెండు లక్షలకు వ్రాయించుకొను అలవాటు మన గ్రామములలో కొత్తది గాదు. ఎక్కువ ధర గల సగము దస్తావేజుల సగటే లెక్కకు వచ్చుట కొంత మేలు. కాని ఊరంతయు తక్కువకే వ్రాసికొన్నచో ఆ మేలును దక్కదు. ఒకరు మిగిల్చుకొన్న స్టాంపు సొమ్మునకు పొరుగువారు మూల్యము చెల్లింతురు.

కొలతల నాడు రైతు పొలముననే యుండవలెను. బోరు, పైపులైను, నిమ్మ, బత్తాయి చెట్లు జాబితాలో చేరినవో లేదో చూచుకొనవలెను. డి.కె.టి. పట్టాదారులు నిరాశ చెందనక్కరలేదు. అసైన్డు భూమికిని పూర్తి మార్కెట్ విలువ ఈయవలెనని 2004లో ఆంధ్రప్రదేశ్ హైకోర్టు తీర్పు చెప్పినది. సేకరణకు ముందు మూడేండ్లుగా ఆ భూమిపైననే ప్రధానముగా బ్రతుకుచున్న కౌలుదారులును, కూలీలును బాధిత కుటుంబములే. వారి పేర్లు సాధారణముగా అడంగలులో కానరావు గనుక పంచాయతీ నోటిమాటకు ఇచ్చట విలువ కలదు.

ప్రాథమిక ప్రకటన పంచాయతీ కార్యాలయమునకును వచ్చును. అరువది దినములలోగా ఆక్షేపణలు వ్రాతమూలకముగా కలెక్టరునకు అందవలెను. 2018లో మన రాష్ట్రము చేసిన సవరణ ప్రకారము నీటిపారుదల పనులకు సామాజిక ప్రభావ అధ్యయనమును మినహాయింపవచ్చును. ఒప్పందముపై భూమి తీసికొనుటకును వీలున్నది. ఒప్పంద పత్రముపై వ్రాలు చేయుటకు ముందు పై లెక్కను కట్టి చూచుకొనుట మంచిది.

అవార్డు మొత్తము చాలదని తోచిన రైతు దానిని తిరస్కరింపనక్కరలేదు. కాని "అసమ్మతితో పుచ్చుకొనుచున్నాను" అని వ్రాసి తీసికొనవలెను. ఈ ఒక్క మాట లేకుండ పైకము పుచ్చుకొన్నవానికి హెచ్చు పరిహారము కోరు హక్కు పోవును. అవార్డు నాడు హాజరైనవారు ఆరు వారములలో కలెక్టరునకు దరఖాస్తు చేయవలెను. ఆయన ముప్పది దినములలో దానిని ప్రాధికార సంస్థకు పంపవలెను. జాతీయ రహదారి కొరకు తీసికొన్న భూమికి మాత్రము పరిహారపు లెక్క యిదియే యైనను, తగవు ఆర్బిట్రేటరు వద్దకు పోవును.