మెదక్ ప్రాంతపు బోరుబావుల వద్ద విద్యుత్ పెట్టెలకు ఎర్తింగు, బాండింగు

మెదక్ పట్టణ పరిసరాలలో మంజీర నదిపై గల ఘనపురం ఆనకట్ట ఆయకట్టును, చెరువుల కింది భూములను మినహాయిస్తే మిగిలిన సాగు అధికభాగం బోరుబావులపై ఆధారపడి ఉన్నది. ప్రతి బోరు పక్కన కర్రకో, రాతి కడీకో, ఇనుప స్టాండుకో బిగించిన రేకు డబ్బా ఒకటి కనబడుతుంది. అందులో ఫ్యూజులు, స్టార్టరు, కెపాసిటరు ఉంటాయి. 2018 జనవరి 1 నుండి వ్యవసాయానికి 24 గంటల సరఫరా అమలులోకి వచ్చిన తరువాత ఈ డబ్బాలో విద్యుత్తు లేని వేళ అంటూ ప్రత్యేకంగా లేకుండా పోయినది. రైతు దానిని తాకే సమయంలో అతని పాదాలు తరచుగా తడి మడిలోనో, కాలువ గట్టుపైననో, చెప్పులు లేకుండానే ఉంటాయి. మన దేశంలో విద్యుదాఘాతం వలన ఏటా పదివేల మందికి పైగా మరణిస్తున్నారని జాతీయ నేర గణాంకాలు తెలుపుతున్నవి.

డబ్బాకు ఎర్తు ఉన్నదా అని అడిగితే చాలా చోట్ల ఉన్నదనే సమాధానం వస్తుంది. డబ్బా నుండి ఒక ఇనుప తీగ దిగి, నేలలో పాతిన గొట్టానికి చుట్టబడి ఉంటుంది. ఆ గొట్టం ఉన్నది గనుక డబ్బాకు కరెంటు వచ్చినా ఫ్యూజు కొట్టివేస్తుందని, లేదా కరెంటు అంతా భూమిలోకి పోతుందని నమ్మకం. చల్కా నేలలలో ఈ నమ్మకం ఎంతవరకు నిలుస్తుందో లెక్క వేసి చూడవలసి ఉన్నది.

గొట్టం ఒక్కటే ఎందుకు చాలదు

నేల విద్యుత్ నిరోధకత 100 ఓమ్-మీటర్లు అనుకొందాము. తేమ తగ్గిన ఇసుకపాలు నేలలకు ఇది ఎక్కువ విలువ కాదు. 40 మిల్లీమీటర్ల వ్యాసం, 2.5 మీటర్ల పొడవు గల గొట్టాన్ని అందులో నిలువుగా పాతితే, భారతీయ ప్రమాణం ఐ.ఎస్. 3043లోని సూత్రం ప్రకారం దాని నిరోధం సుమారు 35 ఓములు. ట్రాన్స్‌ఫార్మర్ న్యూట్రల్ ఎర్తు నిరోధం 5 ఓములు అనుకొందాము. ఒక ఫేజు తీగ ఇన్సులేషను చెడి డబ్బా రేకుకు తగిలితే 230 వోల్టులు ఈ రెండు నిరోధాల మీదుగా, అనగా 40 ఓముల మీదుగా, ప్రవాహాన్ని నడుపుతాయి. వచ్చే ప్రవాహం 6 ఆంపియర్లకు కొంచెం తక్కువ.

5 హెచ్.పి. మోటారు పూర్తి భారంతో నడిచేటప్పుడు ప్రతి ఫేజులో తీసుకొనే ప్రవాహమే సుమారు 7.5 ఆంపియర్లు. దానిని భరించుటకు వేసిన ఫ్యూజు 6 ఆంపియర్లకు కరగదు. ఫ్యూజు స్థానంలో లావుపాటి తీగ చుట్టిన చోట్ల సంగతి చెప్పనక్కరలేదు. డబ్బా మాత్రం 200 వోల్టుల వద్ద గంటల తరబడి, అవసరమైతే రోజుల తరబడి, అలాగే నిలిచి ఉంటుంది. నేల అంతటా ఒకే తీరుగా ఉన్నదనుకొంటే, గొట్టానికి మీటరు దూరంలో నేల ఉపరితలం 60 వోల్టుల దగ్గర ఉంటుంది. అక్కడ నిలబడి డబ్బాను తాకిన మనిషి చేతికీ పాదాలకూ మధ్య 140 వోల్టుల తేడా. తడిసిన శరీర నిరోధాన్ని వెయ్యి ఓములుగా తీసుకొంటే 140 మిల్లీ ఆంపియర్లు. 10 మిల్లీ ఆంపియర్ల ప్రాంతంలోనే పట్టు విడిపించుకొనలేని స్థితి వస్తుంది. 50 దాటి ఒక సెకనుకు పైగా కొనసాగితే గుండె లయ తప్పే ప్రమాదమున్నది.

గ్రామాలలో ఎర్తును పరీక్షించే పద్ధతి ఈ లోపాన్ని బయటపెట్టదు. ఫేజుకూ ఎర్తు గొట్టానికీ మధ్య 100 వాట్ల బల్బు పెట్టి, అది బాగా వెలిగితే ఎర్తు మంచిదని నిర్ణయిస్తారు. ఆ బల్బు వేడెక్కినప్పటి నిరోధం సుమారు 530 ఓములు. దానితో 40 ఓములు వరుసలో చేరినా బల్బుకు 214 వోల్టులు అందుతాయి. కంటికి తేడా తెలియదు. బల్బు చెప్పేది తీగ తెగలేదని మాత్రమే. ఆ పరీక్ష జరుగుతున్నంత సేపు గొట్టానికీ దాని చుట్టూ ఉన్న నేలకూ వోల్టేజి ఎక్కుతుందన్న విషయం కూడా గమనించదగినది.

మరొక గొట్టం పాతితే? మొదటి దానికి కనీసం 5 మీటర్ల దూరంలో పాతితే మొత్తం నిరోధం 19 ఓముల దగ్గరకు దిగుతుంది. అప్పుడు కూడా డబ్బా 180 వోల్టుల వద్దనే ఉంటుంది. ఉప్పు, బొగ్గు వేసిన గుంట మొదటి ఏడాది మంచి విలువనే చూపుతుంది గాని వానలకు ఉప్పు కరిగిపోతుంది, ఉన్నంత కాలం ఇనుప గొట్టాన్ని తింటుంది. గొట్టాల సంఖ్యను పెంచుతూ పోయి ఫ్యూజును కరిగించాలనే ప్రయత్నం ఈ నేలలలో ఫలించేది కాదని ఈ రచయిత అభిప్రాయం.

లీకేజీ రక్షక స్విచ్చు

ఇటువంటి చోట ఎర్తింగుకు తోడు కావలసినది లీకేజీని గుర్తించి సరఫరాను తెంచే ఆర్.సి.సి.బి. మూడు ఫేజుల ప్రవాహాల మొత్తం సున్నా కాకుండా కొంత భాగం భూమిలోకి పోతున్నదని గ్రహించగానే ఇది సెకనులో స్వల్పభాగంలో తెరుచుకొంటుంది. 100 మిల్లీ ఆంపియర్ల స్విచ్చు ఉన్నప్పుడు, ఎండాకాలంలో నేల నిరోధకత మూడింతలై గొట్టం నిరోధం 105 ఓములకు పెరిగినా, స్విచ్చు తెరుచుకొనే హద్దు వద్ద డబ్బాపై నిలిచే వోల్టేజి 10.5 మాత్రమే. అంతకు మించిన లీకేజీని అది నిలువనీయదు. ఫ్యూజుకు నిరుపయోగమైన గొట్టమే ఈ స్విచ్చుకు చాలినంత అవుతుంది.

మనిషి నేరుగా తీగను తాకిన సందర్భంలో రక్షణకు 30 మిల్లీ ఆంపియర్ల స్విచ్చు అవసరం. కాని పొడవైన కేబులు, పాత సబ్‌మెర్సిబుల్ మోటారు ఉన్న చోట సహజంగా ఉండే లీకేజీకే అది మాటిమాటికి పడిపోవచ్చు. పడిపోయే స్విచ్చును రైతు తప్పించి వేయడం ఖాయము. కాబట్టి మోటారుకు 100, దీపానికి, ప్లగ్గుకు వేరుగా 30 మిల్లీ ఆంపియర్ల స్విచ్చు పెట్టడం ఆచరణలో నిలిచే ఏర్పాటు. న్యూట్రల్ లేని మూడు తీగల సరఫరాలో నాలుగు పోల్‌ల స్విచ్చును వాడేటప్పుడు దాని టెస్టు బటను పని చేయకపోవచ్చు. తయారీదారు పటాన్ని చూసి తీగలు కలపవలసి ఉంటుంది.

స్విచ్చు నిలవకపోవడానికి మరొక కారణం బోరు వద్ద వెలిగే దీపం. న్యూట్రల్ అందుబాటులో లేని చోట బల్బు ఒక కొసను ఫేజుకు, రెండవ కొసను డబ్బాకో ఎర్తు తీగకో కలుపుతారు. ఆ ప్రవాహమంతా స్విచ్చు దృష్టిలో లీకేజీయే. అంతకన్నా ముఖ్యమైనది వేరొకటి ఉన్నది. ఎర్తు తీగ తుప్పుపట్టి తెగిన నాడు బల్బు ఆరిపోతుంది, కాని ఫిలమెంటు మీదుగా ఫేజు వోల్టేజి డబ్బా రేకుకు చేరుతుంది. బల్బు కాలిపోయిందని చూడవచ్చిన మనిషి తాకేది ఆ డబ్బానే. బ్యాటరీతో నడిచే చిన్న సోలార్ దీపం ఈ చిక్కును పూర్తిగా తొలగిస్తుంది.

బాండింగు: ప్లాస్టిక్ గొట్టాలు తెచ్చిన మార్పు

ఎర్తింగు అనగా లోహభాగాన్ని భూమితో కలుపుట. బాండింగు అనగా చేతికి అందే లోహభాగాలన్నింటిని ఒకదానితో ఒకటి కలుపుట. డబ్బా, దాని ఇనుప స్టాండు, బోరు కేసింగు, పైకి కనబడే డెలివరీ పైపు ఒకే వోల్టేజి వద్ద ఉంటే ఒక చేయి డబ్బాపైన, మరొక చేయి పైపుపైన వేసిన మనిషి గుండె మీదుగా ప్రవాహం పోదు.

పూర్వం జి.ఐ. పైపులు ఉన్నప్పుడు ఈ పని కొంతవరకు తనంతట తానే జరిగేది. సబ్‌మెర్సిబుల్ మోటారుకు వేసే బల్లపరుపు కేబులులో మూడు తీగలే ఉంటాయి, ఎర్తు తీగ ఉండదు. మోటారు శరీరాన్ని పైకి కలిపినది ఇనుప పైపే. రాపిడి తక్కువని, తుప్పు పట్టదని, తేలికని హెచ్.డి.పి.ఇ. పైపులను విస్తరణ విభాగాలు ప్రోత్సహించాయి; బిందుసేద్యంతో నేలపై పైపులు కూడా ప్లాస్టిక్ అయినవి. ఆ సిఫారసు నీటి విషయంలో సరైనదే. అయితే పైపు మారిన చోట విద్యుత్ మార్గం కూడా తెగిపోయినదని, దాని స్థానంలో వేరుగా తీగ వేయాలని అదే సిఫారసులో చేర్చడం అవసరం. కేసింగు ఇనుపదైతే దానిని తప్పక డబ్బాతో కలపాలి. తేమ గల పొరలలోకి దిగి ఉంటుంది గనుక మంచి ఎర్తుగా కూడా పని చేస్తుంది. పి.వి.సి. కేసింగుకు ఈ ప్రయోజనం లేదు.

బాండింగుకు హద్దు ఉన్నది. చేనుకు చుట్టిన ముళ్ల తీగ కంచెను ఎన్నడూ డబ్బాతో కలపరాదు. డబ్బాలోని లోపాన్ని అది వందల మీటర్ల దూరానికి, పక్క రైతు గట్టుకు, పశువుల దారికి మోసుకొనిపోతుంది. అలాగే న్యూట్రల్ తీగను డబ్బా శరీరానికి కలపడం. పల్లె లైన్లలో న్యూట్రల్ తెగడం అరుదు కాదు. తెగిన తరువాత దానికి కలిపిన ప్రతి డబ్బా ఫేజు వోల్టేజికి చేరవచ్చు. న్యూట్రల్‌ను ఎర్తు చేయడం ట్రాన్స్‌ఫార్మర్ వద్ద పంపిణీ సంస్థ చేయవలసిన పని, రైతు డబ్బాలో జరగవలసినది కాదు.

అతుకులు, రాతి నేల, కొలత

250 వోల్టులకు మించిన సరఫరాపై నడిచే మోటారుకు, దాని నియంత్రణ పరికరాలకు రెండు వేర్వేరు ఎర్తు కనెక్షన్లు ఉండాలని కేంద్ర విద్యుత్ ప్రాధికార సంస్థ భద్రతా నిబంధనలు చెబుతున్నవి. దీని ఉద్దేశము ఒకటి తెగినా రెండవది మిగలడం. రెండు తీగలనూ ఒకే బోల్టు కింద బిగించి, ఒకే గొట్టానికి చుట్టితే లెక్కకు రెండు, ఫలితంలో ఒకటి. బోల్టు కింద రంగు గీకివేయాలి. తలుపు బందులను నమ్మక, తలుపుకూ డబ్బాకూ మధ్య వంగే తీగను వేరుగా వేయాలి. రాగి తీగను నేరుగా జి.ఐ. గొట్టానికి చుట్టితే తేమలో జి.ఐ. త్వరగా తినివేయబడుతుంది.

మెదక్ ప్రాంతంలో మొరం కింద గ్రానైటు తరచుగా తక్కువ లోతులోనే తగులుతుంది. మీటరు దిగి ఆగిన గొట్టాన్ని అక్కడికే కోసివేయడం పరిపాటి. పై లెక్క ప్రకారం 35 ఓములు కావలసిన నిరోధం అప్పుడు 73 ఓములవుతుంది. అటువంటి చోట అర మీటరుకు పైబడిన లోతులో, నీటి కాలువ వెంబడి, కొన్ని మీటర్ల పొడవున జి.ఐ. పట్టీని అడ్డంగా పరచడం మేలు.

కొలతకు మూడు టెర్మినళ్ల ఎర్త్ టెస్టరు వాడాలి. సరఫరాను ఆపి, గొట్టం నుండి డబ్బా తీగను విప్పి, ప్రవాహపు మేకును 30 మీటర్ల దూరంలో, వోల్టేజి మేకును అదే వరుసలో సుమారు 18.5 మీటర్ల వద్ద దిగగొట్టాలి. వోల్టేజి మేకును రెండు మీటర్లు అటూ ఇటూ జరిపినా రీడింగు పెద్దగా మారకపోతే అది నమ్మదగినది. నాట్ల కాలంలో తీసిన రీడింగు ఎప్పుడూ మంచిదిగానే కనబడుతుంది. ఏప్రిల్, మే నెలలలో తీసినదే లెక్కకు వస్తుంది. దానిని తేదీతో సహా డబ్బా తలుపు లోపలి వైపున రంగుతో వ్రాయిస్తే మరుసటి వేసవిలో పోల్చవచ్చు. విలువ రెట్టింపైనచో ముందుగా త్రవ్వి చూడవలసినది నేల మట్టానికి కొంచెం దిగువన, తీగ గొట్టాన్ని కలిసే చోటు.