ఫంగస్‌కి చెవులుంటాయా?
మొన్న దిల్‌సుఖ్‌నగర్‌లో మెట్రో ఎక్కి ఎల్బీనగర్ వచ్చేలోపు, "శబ్దంతో మాట్లాడుకునే ఫంగస్" అనే రీల్ చూసి ఫ్యామిలీ గ్రూపులో పెట్టేశా. నల్గొండ నుంచి పెదనాన్న ఫోన్: "బత్తాయి తోటలో ట్రైకోడెర్మా మానేసి పాటలు పెట్టాలారా?"

భయమేసి వెతికా. మాట్లాడుకోవడం కల్పనే. వినడంలో మాత్రం కొంత నిజముంది. 2024లో ఆస్ట్రేలియాలోని ఫ్లిండర్స్ యూనివర్సిటీ వాళ్లు ల్యాబ్‌లో ఇదే ట్రైకోడెర్మాకి రోజూ 30 నిమిషాలు 80 డెసిబెల్స్ హోరు వినిపించారు. ఐదు రోజుల్లో, నిశ్శబ్దంలో ఉంచినదానికన్నా ఎక్కువ పెరిగింది. చెవుల్లేవు, శబ్దమంటే కంపనం కదా, ఆ ఒత్తిడికి కణాలు స్పందిస్తాయని వాళ్ల అంచనా.

కానీ అది ల్యాబ్, తోట కాదు. వేరుకుళ్లుకి పశువుల ఎరువులో కలిపే ట్రైకోడెర్మా మానొద్దని పెదనాన్నకి చెప్పా. రీల్ డిలీట్ చేశా. మీరూ ఫార్వర్డ్ కొట్టేముందు ఒక్క నిమిషం ఆగండి.