ఆట యంత్రంలో అటక సర్దుడు

రెండు సంవత్సరాల క్రితం డిసెంబరు సెలవులలో మా అబ్బాయి ఒక కొత్త ఆట కొనిపించుకున్నాడు. డిస్కును యంత్రంలో పెట్టిన మరుక్షణమే ఆట ఆరంభమవుతుందని నా నమ్మకం. అందుకు బదులు, నిల్వకు చోటు చాలదనీ, ఉన్నవాటిలో ఏదైనా తొలగించమనీ తెరపైన ఒక సందేశం ప్రత్యక్షమైంది. ప్రతి వేసవిలోనూ గరాజు సర్దేవాణ్ణి గదా, ఈపాటి సర్దుడు నాకొక లెక్కా అనుకొని కంట్రోలరు వాడి చేతిలోనుంచి తీసుకున్నాను.

తెరపైన రెండు పట్టికలు కనిపించాయి. మొదటిది ఆటల పట్టిక. రెండవది ఆయా ఆటలలో భద్రపరచుకొన్న వివరాల పట్టిక. మొదటి పట్టికలో దేనిని తీసివేసినా పిల్లలలో ఎవరో ఒకరు అలుగుతారు. రెండవ పట్టికలోవి వాడి పారేసిన పాత కాగితాలవంటివని భావించి, నెలల తరబడి ఎవరూ తాకని వాటిని వరుసగా ఎంచుకొంటూ పోయాను. “తొలగించమంటారా?” అని యంత్రం ప్రతిసారీ అడిగింది. ప్రతిసారీ తొలగించమన్నాను. అలా తొలగించినవన్నీ కలిపినా ఒక గిగాబైటు ఉండదు. కొత్త ఆటకు కావలసినవి నూరు గిగాబైట్లు. చివరకు మా అబ్బాయి ఆడడం మానివేసిన పాత ఆట ఒకటి తీసివేస్తేగాని పని జరగలేదు.

మరునాటి ఉదయం మా అమ్మాయి యంత్రం ముందు కూర్చొని, “నాన్నా, అమ్మమ్మ ఊరు లేదేమిటి?” అన్నది.

కోనసీమలోని మా అత్తవారి మండువా ఇంటిని ఆ పిల్ల మైన్‌క్రాఫ్ట్ అనే ఆటలో కట్టుకొన్నది. ఘనాకారపు దిమ్మలను ఒకదానిపై ఒకటి పేర్చి ఇళ్ళూ ఊళ్ళూ కట్టే ఆట అది. ఏడాదిన్నరపాటు ఆదివారం ఆదివారం ఫోనులో వాళ్ళ అమ్మమ్మను ప్రశ్నలు అడిగేది. వీధి అరుగుకు స్తంభాలెన్ని, మండువా చుట్టూ గదులెన్ని, వాన పడినప్పుడు మండువాలోకి వచ్చిన నీరు ఎటు పోతుంది? ఒక్కొక్క సమాధానానికి ఒక్కొక్క గోడ లేచింది. నేను ముందు రోజు రాత్రి తొలగించినవాటిలో ఆ ఇల్లు కూడా ఉన్నది. ఆట మాత్రం పట్టికలో క్షేమంగా ఉన్నది.

అంతవరకు ఇటువంటి విషయాలను పిల్లల వ్యవహారమని పట్టించుకోని నేను, ఆ తరువాత కొన్ని వారాలపాటు వాటిని శ్రద్ధగా చదివాను. మన ఇళ్ళలో ఈ యంత్రం లేని ఇల్లు తక్కువ గనుక, తెలుసుకొన్నది నలుగురితో పంచుకోవడం ఉచితమని తోచింది.

ఆట వేరు, ఆటలో మనం సాధించినది వేరు. ఈ రెంటికీ ఉన్న భేదం పూర్వం కంటికి కనబడేది. 1977లో వచ్చిన అటారీ 2600 యంత్రానికి తొలినాటి ఆటలు రెండు మొదలు నాలుగు కిలోబైట్ల పరిమాణంలో, ప్లాస్టిక్ డబ్బాలలో అమర్చిన చిప్పులలో వచ్చేవి. 1985 నాటి ‘సూపర్ మారియో బ్రదర్స్’ మొత్తం 40 కిలోబైట్లు. ఆ చిప్పులోని విషయం కర్మాగారంలో ఒకేసారి అచ్చయిన పుస్తకం వంటిది. చదవడమేగాని దానిపై వ్రాయడం కుదరదు. డబ్బాను యంత్రంలో గుచ్చితే ఆట సిద్ధం. ఎక్కించడమూ లేదు, దించడమూ లేదు. కాని మీట ఆపివేస్తే అంతవరకూ ఆడినది గాలిలో కలిసిపోయేది. కొన్ని ఆటలు ఈ చిక్కును తప్పించడానికి ఒక పొడవాటి సంకేతపదాన్ని చూపి, కాగితంపై వ్రాసుకొని మరునాడు మళ్ళీ కొట్టమనేవి. 1987లో అమెరికాలో విడుదలైన ‘ద లెజెండ్ ఆఫ్ జెల్డా’ డబ్బాలో మరొక ఉపాయం చేశారు. వ్రాయడానికి వీలైన ఒక చిన్న చిప్పును, దానికి ప్రాణం నిలపడానికి గడియారాలలో వాడే బిళ్ళవంటి బ్యాటరీని అందులో బిగించారు. మీట ఆపేటప్పుడు రీసెట్ బొత్తాన్ని నొక్కి పట్టుకోవలసి ఉండేది. ఆ బ్యాటరీ చచ్చిననాడు ఆడినదంతా దానితోనే పోతుంది.

1995లో ప్లేస్టేషన్ అమెరికాకు వచ్చింది. ఆటలు సీడీలకు మారి, ఒక్కసారిగా 650 మెగాబైట్ల విశాలమైన చోటు దొరికింది. సీడీపై ఆటగాడు వ్రాసుకొనడానికి వీలులేదు గనుక, అగ్గిపెట్టెకంటె కొంచెం పెద్దదైన మెమరీ కార్డు వేరుగా కొనుక్కోవలసి వచ్చేది. దాని సామర్థ్యం 128 కిలోబైట్లు. దానిని 15 గళ్ళుగా విభజించారు. ఒక్కొక్క ఆట ఒకటో రెండో గళ్ళు ఆక్రమించేది, కొన్ని మరీ ఎక్కువ ఆశించేవి. ఆ రోజుల్లో ఈ దేశంలో పెరిగిన మన పిల్లలు, ఇప్పుడు వాళ్ళే తల్లిదండ్రులు, ఆ కార్డును జేబులో వేసుకొని స్నేహితుల ఇళ్ళకు వెళ్ళడం చాలామందికి జ్ఞాపకం ఉండవచ్చు. ఆట పళ్ళెంలో ఉన్నది, ఆడినది జేబులో ఉన్నది. ఏది పారేస్తే ఏది పోతుందో చిన్నపిల్లకైనా తెలుసు.

2001లో ఎక్స్‌బాక్స్ సుమారు 8 గిగాబైట్ల హార్డ్ డిస్కును పొట్టలోనే పెట్టుకొని వచ్చింది. క్రమంగా ఆటా, ఆడినదీ రెండూ ఆ పొట్టలోకే చేరి, తెరపైన ఒకే రకం వరుసలుగా కనిపించనారంభించాయి. నావంటివారు పొరబడే అవకాశం ఆనాడే పుట్టిందని ఇప్పుడు నాకు తోస్తున్నది.

ఇక, డిస్కు కొన్నాక కూడా ఆటను యంత్రంలోకి ఎందుకు ఎక్కించాలి? ఇది న్యాయమైన ప్రశ్నే. 2013లో వచ్చిన ప్లేస్టేషన్ 4లో బ్లూ-రే పళ్ళెంనుంచి సెకనుకు గరిష్ఠంగా 27 మెగాబైట్లు మాత్రమే చదవగలిగేవారు. ఆటగాడు వీధి మలుపు తిరిగేలోగా కొత్త వీధిలోని ఇళ్ళూ చెట్లూ మనుషులూ సిద్ధం కావాలంటే ఆ వేగం చాలదు. అందుచేత పళ్ళెంలో ఉన్నదాన్ని ముందుగా హార్డ్ డిస్కులోకి నకలు తీయడం తప్పనిసరి చేశారు. అటుపైన పళ్ళెం చేసే పని ఒక్కటే: ఈ ఆట మీరు కొన్నదేనని నిరూపించే తాళంచెవిగా లోపల కూర్చోవడం. పళ్ళెం పోగొట్టుకుంటే, యంత్రంలో ఆట పూర్తిగా ఉన్నా తలుపు తెరుచుకోదు. 2025లో వచ్చిన నింటెండో స్విచ్ 2కు అమ్మే కొన్ని కార్డులలోనైతే ఆట ఉండనే ఉండదు, తాళంచెవి మాత్రమే ఉంటుంది. ఆటను ఇంటర్నెట్ ద్వారా దింపుకోవాలి. పుట్టినరోజు కానుక కొనే పెద్దలు డబ్బాపై ఉన్న చిన్న అక్షరాలు చదవడం మంచిది.

ఆటలు ఇంతగా బలిసిపోవడానికి చిత్రాల స్పష్టత, పలు భాషల సంభాషణలు, సంగీతం ప్రధాన కారణాలు. అంతగా ప్రచారంలో లేని మరొక కారణం నన్ను బాగా ఆకర్షించింది. హార్డ్ డిస్కులో గ్రామఫోను ముల్లు వంటి ఒక సూది తిరుగుతున్న పళ్ళెంపై ఒకచోటినుంచి మరొకచోటికి జరిగి చదువుతుంది. ఆ జరగడానికే కాలం వ్యర్థమవుతుంది. మన పెళ్ళివంటలలో పదిపొయ్యిలు పెట్టినప్పుడు, ఉప్పుకోసం ప్రతివాడూ కొట్టుగదికి పరుగెత్తకుండా ప్రతి పొయ్యి దగ్గరా ఒక ఉప్పుగిన్నె పెడతారు గదా, ఆట నిర్మాతలూ అదే చేశారు. ప్లేస్టేషన్ 5 రూపశిల్పి మార్క్ సెర్నీ 2020 మార్చిలో చేసిన ప్రసంగంలో, ‘మార్వెల్స్ స్పైడర్-మ్యాన్’ ఆటలో కొన్ని వస్తువుల వివరాలు హార్డ్ డిస్కుపై 400 సార్లు పునరావృతమై ఉన్నాయని చెప్పారు. వీధుల్లోని తపాలా పెట్టెల వంటి సామాన్య వస్తువులవి. ప్రతి వీధి పక్కనా ఒక నకలు ఉంటే సూదికి ప్రయాణం తగ్గుతుంది.

2020 నవంబరులో వచ్చిన యంత్రాలలో సూదీ లేదు, తిరిగే పళ్ళెమూ లేదు. ఎస్ఎస్‌డీ అనే చిప్పుల నిల్వ సెకనుకు వేల మెగాబైట్లు చదువుతుంది; ప్లేస్టేషన్ 5లో 5.5 గిగాబైట్లు. ఇక ఉప్పుగిన్నెలు అనవసరం. ‘హెల్‌డైవర్స్ 2’ అనే ఆట నిర్మాతలు 2025 డిసెంబరులో ఇటువంటి నకళ్ళను ఏరివేసి, పీసీలో సుమారు 154 గిగాబైట్లుగా ఉన్న ఆటను 23కు తగ్గించారు. ఇన్నాళ్ళూ మన అటకలపై ఎంత ఊక నిలువ ఉంచారో ఈ లెక్కే చెబుతుంది. అందరు నిర్మాతలూ ఈ శ్రమకు పూనుకోవడం లేదు. ‘కాల్ ఆఫ్ డ్యూటీ’ వరుసలో 2019 నాటి ఆట తరువాతి చేర్పులతో కలిసి 200 గిగాబైట్లు దాటింది. అంటే ఆ పాత మారియోలు యాభై లక్షలు పట్టే చోటు!

యంత్రం డబ్బాపై వ్రాసిన అంకె మొత్తం మనకు దక్కదని కూడా గ్రహించాలి. ఎక్స్‌బాక్స్ సిరీస్ ఎక్స్‌లో ఒక టెరాబైటు అంటారు. ఆటలకు మిగిలేది 802 గిగాబైట్లు. తయారీదారు వెయ్యి చొప్పున లెక్కపెడితే, యంత్రం 1024 చొప్పున లెక్కపెడుతుంది. ఆ తేడావల్లనే వెయ్యి 931గా కనబడుతుంది. మిగిలిన కోత యంత్రం తన సొంత కార్యకలాపాలకు ఉంచుకొనేది. తొలి ప్లేస్టేషన్ 5లోని 825లో మనకు వచ్చేవి సుమారు 667. పెద్ద ఆటలు ఆరేడు పెడితే నిండిపోతుంది.

చోటు పెంచుకొనే మార్గాలున్నాయి. ప్లేస్టేషన్ 5 పైరేకు తీసి లోపల అదనపు ఎస్ఎస్‌డీ బిగించుకొనే సౌకర్యం 2021 సెప్టెంబరునుంచి ఉన్నది. యూఎస్‌బీ ద్వారా బయటి డ్రైవు తగిలించుకోవచ్చును గాని, ఈ తరం ఆటలు దానిపైనుంచి నడవవు. అక్కడ దాచి, ఆడదలచినప్పుడు లోపలికి తెచ్చుకోవాలి. పాత తరం ఆటలు అక్కడినుంచే నడుస్తాయి. ఒక్క హెచ్చరిక: బయటి డ్రైవును యంత్రానికి అలవాటు చేసేటప్పుడు అందులో ఉన్నదంతా చెరిగిపోతుంది. పెళ్ళి ఫోటోలూ, అన్నప్రాశన వీడియోలూ ఉన్న డ్రైవును సొరుగులోంచి తీసి ఇవ్వకండి.

డబ్బు ఖర్చు లేని మార్గం ఆటను తీసివేయడమే. దానికి భయపడవలసిన పని లేదు. కొన్న ఆటను మళ్ళీ దింపుకోవచ్చు. సెకనుకు నూరు మెగాబిట్ల ఇంటర్నెట్‌లో నూరు గిగాబైట్లకు రెండుంపావు గంటలు పడుతుంది. ఎనిమిది బిట్లు ఒక బైటు గనుక ఈ లెక్క. ప్లేస్టేషన్‌లోగాని, నింటెండో స్విచ్‌లోగాని ఆటను తొలగిస్తే ఆడినది పోదు, అది వేరే చోట పదిలంగా ఉంటుంది. తిరిగి ఆటను ఎక్కించినప్పుడు వదిలినచోటనే మొదలవుతుంది. నేను చేసినది సరిగ్గా దీనికి విపర్యయం: వంద గిగాబైట్ల ధాన్యాన్ని కాపాడి, పిడికెడు విత్తనాలు పారబోశాను.

ఆ విత్తనాలకు రెండవ చోటు ఉండాలి. ఎక్స్‌బాక్స్ ఇంటర్నెట్ ఉన్నంతవరకు తనంతట తానే వాటి నకలును దూరాన ఉన్న సర్వర్లలో భద్రపరుస్తుంది, రుసుము లేదు. ప్లేస్టేషన్‌లోనూ స్విచ్‌లోనూ అందుకు చందా కట్టాలి. స్విచ్‌లో కొన్ని ఆటలకు ఆ వసతి వర్తించదు. స్విచ్‌లో మెమరీ కార్డు వేసుకొన్నవారు ఆడినదంతా ఆ కార్డులోనే ఉన్నదనుకొంటారు. అందులో ఉండేవి ఆటలు మాత్రమే, ఆడినది యంత్రంలోనే ఉంటుంది. ప్లేస్టేషన్ 4 ఆటల వివరాలను యూఎస్‌బీలోకి నకలు తీసుకోవచ్చు. ప్లేస్టేషన్ 5 ఆటల వివరాలను విడివిడిగా అలా తీయనివ్వరు. ఇది ఎవరి మేలుకోసమో నాకు బోధపడలేదు. పాత యంత్రాన్ని బంధువులకు ఇచ్చేముందు, ఇండియాకు పంపేముందు అంతా చెరిపివేస్తాము గదా, ఆ చెరిపే మీట నొక్కకముందు పిల్లలను పిలిచి ఒకమాట అడగండి.

మా యంత్రానికి చందా లేదు. నెలకు మిగిలే కొద్ది డాలర్లకోసం నేనే వద్దన్నాను. తయారుచేసిన సంస్థవారికి ఫోను చేస్తే, మర్యాదగానే, చేయగలిగినది లేదన్నారు.

మా అమ్మాయి నాతో రెండురోజులు మాట్లాడలేదు. మూడవనాడు ఆదివారం వచ్చింది. ఫోనులో వాళ్ళ అమ్మమ్మకు జరిగినది చెప్పుకొన్నది. ఆవిడ, “పోతే పోయిందిలేవే, మీ తాతయ్య ఈ ఇంటి పెంకులు ఎన్నిసార్లు తీసి మళ్ళీ నేయించారో” అన్నది. మా అమ్మాయి వెంటనే పెంకులు నేయడమంటే ఏమిటని అడిగింది. ఆవిడ చెప్పింది. సంక్రాంతినాటికి అరుగు, స్తంభాలు, మండువా మళ్ళీ లేచాయి. చందా కూడా కట్టాము. ఈసారి నుయ్యి దొడ్డివైపున పెట్టింది. మొదటిసారి వీధివైపున ఉండేది. ఆ ఇంటికి పాతికేళ్ళుగా అల్లుణ్ణి అయిన నాకు, అది తప్పని తోచనే లేదు.